సొంత పౌరుణ్ణే ‘ఎనిమీ కంబాటెంట్’ (శత్రువు పక్షాన పోరాడినవాడు) అని ముద్ర వేసి విచారణ లేకుండా బంధించొచ్చా?

ప్రశ్న: అమెరికాలో పుట్టి, చిన్నప్పుడే తల్లిదండ్రులతో వెనక్కి వచ్చేసిన పౌరుణ్ణి యుద్ధం పేరు చెప్పి అమెరికా సైన్యం పట్టుకుంటే కేసు పెట్టకుండా ఎంతకాలం ఉంచొచ్చు? లాయరు, కోర్టు లాంటి హక్కులు ఉంటాయా? హమ్దీ కేసులో పౌరుడే గెలిచాడని చదివాను, నిజమేనా?

జవాబు:

గెలిచాడన్నది సగమే నిజమండి. 2004 జూన్ 28న అమెరికా సుప్రీంకోర్టు ఆ కేసులో రెండు మాటలు చెప్పింది. యుద్ధభూమిలో శత్రువు పక్షాన పట్టుబడితే పౌరుణ్ణయినా సరే, ఏ నేరమూ మోపకుండా, పోరు సాగినంత కాలం సైన్యం నిర్బంధంలో పెట్టుకోవచ్చన్నది మొదటి మాట. కాకపోతే ‘నేను శత్రువును కాను’ అని నిరూపించుకునే అవకాశం అతనికి ఇచ్చి తీరాలన్నది రెండో మాట. అందరికీ గుర్తున్నది రెండోదే. ఏళ్ళ తరబడి రాజ్యాంగ చట్టం పాఠాలు చెప్పినవాడిగా నా దృష్టి మాత్రం మొదటిదాని మీదే ఆగుతుంది. పౌరుణ్ణి కేసు లేకుండా ఉంచొచ్చని ప్రభుత్వం చూపించుకోగల తీర్పు ఏదైనా ఉందంటే అది హమ్దీ తీర్పే.

కథ తెలిస్తే తీర్పు తేలిగ్గా అర్థమవుతుంది. యాసర్ ఎసామ్ హమ్దీ 1980లో లూసియానా రాష్ట్రంలోని బాటన్ రూజ్‌లో పుట్టాడు. తండ్రి సౌదీ పౌరుడు, ఉద్యోగం మీద అక్కడికి వెళ్ళినవాడు. పిల్లవాడికి ఊహ తెలియకముందే కుటుంబమంతా సౌదీకి తిరిగి వెళ్ళిపోయింది. హెచ్1బీ మీద వెళ్ళి, అక్కడ బిడ్డ పుట్టాక హైదరాబాదుకో విజయవాడకో వచ్చేసిన మన కుటుంబాల కథ కూడా ఇంతవరకూ ఇదే. 2001 చివర్లో ఆఫ్ఘనిస్తాన్‌లో తాలిబన్‌తో పోరాడుతున్న నార్తర్న్ అలయన్స్ దళాలకు చిక్కాడు. వాళ్ళు అమెరికన్లకు అప్పగించారు. 2002 జనవరిలో క్యూబాలోని అమెరికా సైనిక స్థావరం గ్వాంటనామోకు తెచ్చారు. ఏప్రిల్‌లో అతను పుట్టింది లూసియానాలో అని బయటపడింది. దాంతో వర్జీనియాలోని నార్‌ఫోక్ నౌకాదళ జైలుకు, తర్వాత సౌత్ కరోలినాలోని చార్లెస్టన్ జైలుకు మార్చారు. పౌరసత్వం వల్ల అతనికి అప్పటికి ఒరిగింది ఆ చోటు మార్పే. కేసు లేదు, లాయరు లేడు, బయటివాళ్ళతో మాట లేదు.

ఇక్కడ ఒక పోలిక చూడండి. మజారె షరీఫ్ దగ్గరి ఖలా ఇ జంగీ కోటలో ఖైదీల తిరుగుబాటు జరిగినప్పుడు అక్కడే ఉన్న ఇంకో అమెరికన్ జాన్ వాకర్ లిండ్. అతని మీద వర్జీనియాలోని మామూలు ఫెడరల్ కోర్టులో కేసు పెట్టారు. లాయర్లు వచ్చారు, నేరం ఒప్పుకునేలా బేరం కుదిరింది, 2002లోనే ఇరవై ఏళ్ళ శిక్ష పడింది, 2019లో విడుదలయ్యాడు. అదే యుద్ధం, అదే కోట, అదే పౌరసత్వం. ఒకరికి కోర్టు, ఇంకొకరికి చీకటి కొట్టు. ఎవరిని ఎటు పంపాలో చెప్పే నియమం ఏ చట్టంలోనూ లేదు. ఆ నిర్ణయం కార్యనిర్వాహక శాఖది, అంతే. నన్నడిగితే డ్యూ ప్రాసెస్ (న్యాయమైన పద్ధతి పాటించకుండా స్వేచ్ఛ లాక్కోకూడదన్న హామీ) గొడవంతా ఇక్కడే మొదలవుతుంది.

2002 జూన్‌లో హమ్దీ తండ్రి హేబియస్ కార్పస్ పిటిషన్ (నిర్బంధం చట్టబద్ధమో కాదో తేల్చమని కోర్టును అడిగేది) వేశాడు. అబ్బాయి సహాయ కార్యక్రమాల కోసం వెళ్ళాడని, సెప్టెంబర్ 11 దాడుల నాటికి వెళ్ళి రెండు నెలలు కూడా కాలేదని, అంత కొద్ది కాలంలో సైనిక శిక్షణ పొందే వీలే లేదని, తొలిసారి ఒంటరిగా ప్రయాణం చేసిన ఇరవయ్యేళ్ళవాడు యుద్ధంలో ఇరుక్కుపోయాడని ఆయన వాదన. ప్రభుత్వం జవాబుగా ఇచ్చింది తొమ్మిది పేరాల ప్రకటన. రాసింది రక్షణ శాఖ సలహాదారు మైకేల్ మాబ్స్. హమ్దీ తాలిబన్ దళంలో చేరాడు, ఆయుధ శిక్షణ తీసుకున్నాడు, కలాష్నికోవ్ తుపాకీతో లొంగిపోయాడు అని అందులో ఉంది. మాబ్స్ అవేవీ కళ్ళారా చూసినవాడు కాదు, ఫైళ్ళు చదివి రాశాడు. జిల్లా జడ్జి రాబర్ట్ డూమార్‌కు ఇది ఏ మూలకూ చాలలేదు. హమ్దీ ఏం చెప్పాడో ఆ వాంగ్మూలాలు, ఎవరు ప్రశ్నించారో ఆ వివరాలు తెమ్మన్నాడు. ప్రభుత్వం అప్పీలుకు వెళ్ళింది. యుద్ధం జరుగుతున్న చోట పట్టుబడ్డాడన్న విషయంలో వివాదం లేదు కాబట్టి ఇంకేమీ అడగనక్కర్లేదని నాలుగో సర్క్యూట్ అప్పీలు కోర్టు 2003 జనవరిలో తేల్చేసింది. వివాదం లేకపోవడమేమిటండీ, లోపలున్న మనిషిని నోరు విప్పనిస్తే కదా వివాదం ఉందో లేదో తెలిసేది! సుప్రీంకోర్టు కూడా చివరికి ఈ లోపాన్నే పట్టుకుంది.

తొమ్మిది మంది జడ్జీలు నాలుగు దారుల్లో చీలారు. జస్టిస్ శాండ్రా డే ఓకానర్ రాసిన ప్రధాన అభిప్రాయంలో ఆమెతో కలిపి నలుగురు. 2001 సెప్టెంబర్ 14న కాంగ్రెస్ ఆమోదించిన సైనిక బల ప్రయోగ తీర్మానంలో నిర్బంధాధికారం ఇమిడి ఉందని వాళ్ళన్నారు. సైనికుణ్ణి చంపడానికి అనుమతి ఉన్నప్పుడు, పట్టుకున్నవాణ్ణి మళ్ళీ యుద్ధానికి వెళ్ళకుండా ఆపడానికి అనుమతి ఉండదా అన్నది అందులోని తర్కం. కేవలం ప్రశ్నించి సమాచారం రాబట్టడానికని ఎంతకాలమైనా ఉంచడం మాత్రం కుదరదన్నారు. తర్వాత హక్కుల లెక్క. ఏ ఆధారాల మీద శత్రువు అంటున్నారో అతనికి చెప్పాలి. వాటిని ఖండించే న్యాయమైన అవకాశం ఇవ్వాలి. వినేవాడు తటస్థుడై ఉండాలి. ఆ విచారణలో లాయరు సాయం పొందే హక్కు నిస్సందేహంగా ఉంది. యుద్ధమొచ్చిందని పౌరుల హక్కుల మీద అధ్యక్షుడికి ఖాళీ చెక్కు రాసిచ్చినట్టు కాదన్న ప్రసిద్ధ వాక్యం ఈ అభిప్రాయంలోదే.

అయితే ఈ లెక్క వేయడానికి ఓకానర్ వాడిన తూకం 1976 నాటి మాథ్యూస్ వర్సెస్ ఎల్‌డ్రిడ్జ్ కేసుది. అది దేని మీద వచ్చిన కేసో తెలుసా? ఒక వికలాంగుడి సోషల్ సెక్యూరిటీ భత్యం ఆపేముందు హియరింగ్ ఇవ్వాలా అక్కర్లేదా అన్నదాని మీద. పింఛను ఆపడానికి వాడిన త్రాసులోనే మనిషి స్వేచ్ఛనూ తూచారన్నమాట. త్రాసు అలాంటిది కాబట్టి రాయితీలు కూడా అలాగే వచ్చాయి. ప్రభుత్వం వినికిడి సాక్ష్యం (కళ్ళారా చూడకుండా, ఎవరో చెప్పగా విన్నది) పెట్టొచ్చు. దాని సాక్ష్యం నిజమన్న ఊహతో మొదలుపెట్టొచ్చు, అబద్ధమని చూపే బరువు ఖైదీ మీద వేయొచ్చు. తటస్థుడు మామూలు జడ్జే కానక్కర్లేదు, సరిగ్గా ఏర్పాటైన సైనిక ట్రిబ్యునల్ అయినా సరిపోవచ్చు. జ్యూరీ లేదు, సందేహానికి తావు లేకుండా రుజువు చేయాలన్న నియమం లేదు. క్రిమినల్ కేసులో దొంగకు దొరికే రక్షణల్లో సగం కూడా ఇక్కడ దొరకవు.

జస్టిస్ సూటర్, జస్టిస్ గిన్స్‌బర్గ్ అసలు నిర్బంధమే చట్టవిరుద్ధమన్నారు. వాళ్ళు ఆధారం చేసుకున్నది 1971 నాటి నిర్బంధ నిషేధ చట్టం. కాంగ్రెస్ చట్టం లేకుండా ఏ పౌరుణ్ణీ నిర్బంధించరాదని చెప్పే ఒక్క వాక్యం. రెండో ప్రపంచ యుద్ధంలో దాదాపు 1,20,000 మంది జపాన్ సంతతివాళ్ళను శిబిరాల్లో పెట్టారు, అందులో మూడింట రెండు వంతులు అమెరికా పౌరులే. 1944లో సుప్రీంకోర్టు కొరెమాట్సు కేసులో ఆ తరలింపును సమర్థించింది. మళ్ళీ అలాంటిది జరగకూడదనే 1971 చట్టం తెచ్చారు. అంత చరిత్ర ఉన్న చట్టాన్ని, ‘నిర్బంధం’ అన్న మాటే ఎక్కడా లేని సైనిక తీర్మానం పక్కకు నెట్టేసిందనడం వాళ్ళకు మింగుడు పడలేదు. విచారణకు తిరిగి పంపాలన్న ఫలితం వరకు ఓకానర్‌తో కలిశారు, అలా ఆరు ఓట్లయ్యాయి.

జస్టిస్ థామస్ ఒక్కడే ప్రభుత్వం చెప్పిందంతా సరేనన్నాడు.

నాకు నచ్చింది జస్టిస్ స్కాలియాది. ఆయన సంప్రదాయవాది. ఆయనతో కలిసింది అవతలి కొసన కూర్చునే స్టీవెన్స్. పౌరుడు శత్రువుతో చేతులు కలిపాడంటే దానికి రాజద్రోహం అని పేరుంది, కేసు పెట్టి విచారించండి. అది కుదరనంత ఉపద్రవం వచ్చిందా, రాజ్యాంగం ఇచ్చిన దారిలో కాంగ్రెస్ హేబియస్‌ను సస్పెండ్ చేయాలి, ఆ రాజకీయ బాధ్యత మోయాలి. రెండూ చేయకపోతే వదిలేయండి. మధ్యలో కోర్టు కూర్చుని కొత్త విచారణ పద్ధతులు కుట్టివ్వడం దాని పని కాదు. ఇదీ ఆయన వాదన. పౌరుణ్ణి దేశంలోపల ఉంచినప్పుడే ఇది వర్తిస్తుందన్నది అందులోని బలహీనత. పౌరుణ్ణి తేకుండా బయటే ఉంచేస్తే సరిపోతుందని అధికారులకు దారి చూపించినట్టవుతుంది. అయినా అంతర్యుద్ధం తర్వాత 1866లో వచ్చిన మిలిగన్ తీర్పు, కోర్టులు తెరిచి ఉన్నచోట పౌరుణ్ణి సైనిక విచారణకు పంపరాదన్న తీర్పు, ఆయన పక్షానే ఉంది. అవతలివాళ్ళ బలం 1942 నాటి క్విరిన్ కేసు. జలాంతర్గాముల్లో వచ్చి లాంగ్ ఐలాండ్‌లో, ఫ్లోరిడాలో దిగిన ఎనిమిది మంది నాజీ విద్రోహుల్లో హెర్బర్ట్ హాప్ట్ తాను అమెరికా పౌరుణ్ణన్నాడు. పౌరుడైనా శత్రు సైనికుడే అంది కోర్టు. ఆరుగురికి ఆగస్టు 8న మరణశిక్ష అమలైంది, కోర్టు తన పూర్తి కారణాలు వెల్లడించింది అక్టోబరు 29న! ఇంత తొందరపాటు తీర్పును పునాదిగా వాడుకోవడం ఎంతవరకు సబబో మీరే చెప్పండి. పైగా హాప్ట్ తనెవరో ఒప్పుకున్నాడు, హమ్దీ ఒప్పుకోలేదు.

ఇప్పుడు ‘గెలుపు’ సంగతి. తీర్పు తర్వాత హమ్దీకి ఆ తటస్థ విచారణ జరిగిందా? జరగలేదు. ప్రభుత్వం ఒప్పందం కుదుర్చుకుని 2004 అక్టోబరులో సౌదీకి పంపేసింది. పౌరసత్వం వదులుకోవాలి, ప్రయాణాల మీద ఆంక్షలు ఒప్పుకోవాలి, అమెరికా మీద దావా వేయకూడదు. మూడేళ్ళపాటు వదిలితే దేశానికే ముప్పని వాదించిన మనిషిని విమానమెక్కించి ఇంటికి పంపారు. ఆధారాలు ఏ తటస్థుడి ముందూ పెట్టాల్సిన అవసరం రాలేదు.

ఇదొక్కసారే జరిగితే ఏదో అనుకోవచ్చు. హోసే పడియా బ్రూక్లిన్‌లో పుట్టిన పౌరుడు. 2002 మే 8న షికాగో ఓహేర్ విమానాశ్రయంలో సాక్షి పేరుతో పట్టుకున్నారు, నెల తిరిగేసరికి ఎనిమీ కంబాటెంట్ అన్నారు. యుద్ధభూమి కాదు, విమానాశ్రయం! రేడియోధార్మిక బాంబు కుట్ర అని ఆరోపణ. హమ్దీ తీర్పు రోజునే అతని కేసును సుప్రీంకోర్టు 5-4తో తిప్పికొట్టింది: పిటిషన్ న్యూయార్క్‌లో కాదు, అతన్ని ఉంచిన సౌత్ కరోలినాలో వేయాల్సిందట. రెండేళ్ళు వృథా. అయితే అసమ్మతి చెప్పిన నలుగురు, దేశంలో పట్టుబడ్డ పౌరుణ్ణి ఇలా ఉంచడం 1971 చట్టం ప్రకారం చెల్లదని ఒక ఫుట్‌నోట్‌లో రాసిపెట్టారు. హమ్దీలో స్కాలియా అన్నది దీనికి కలపండి, ఐదు ఓట్లు. ప్రభుత్వ లాయర్లకు ఈ కూడిక రాదా? కేసు మళ్ళీ సుప్రీంకోర్టు గుమ్మం ఎక్కేవేళకు, 2005 నవంబరులో, మయామీలో మామూలు క్రిమినల్ కేసు పెట్టేశారు. ఆ అభియోగాల్లో రేడియోధార్మిక బాంబు ఊసే లేదు. అంతకు రెండు నెలల ముందే ప్రభుత్వం పక్షాన తీర్పు రాసిన జడ్జి లుట్టిగ్‌కే ఈ నాటకం చూసి ఒళ్ళు మండింది. పడియాను ఇన్నేళ్ళూ పొరపాటున ఉంచారేమో అనిపించేలా చేశారని రాశాడు. 2007లో మామూలు జ్యూరీయే పడియాను దోషిగా తేల్చింది. మామూలు కోర్టుకు ఇలాంటి కేసు చేతకాదన్న వాదనకు అదే జవాబు.

అల్ మర్రీ పౌరుడు కాదు, ఖతార్ దేశస్థుడు, ఇల్లినాయిలో చట్టబద్ధంగా ఉంటున్నవాడు. అతన్నీ ఇలాగే ఉంచి, 2008 డిసెంబరులో సుప్రీంకోర్టు కేసు వింటానని ఒప్పుకోగానే 2009లో మామూలు కోర్టుకు మార్చారు. 2017లో సిరియాలో పట్టుబడ్డ అమెరికా, సౌదీ ద్వంద్వ పౌరుణ్ణి ఇరాక్‌లో పేరు చెప్పకుండా నెలల తరబడి ఉంచారు. హక్కుల సంస్థ ఏసీఎల్‌యూ కోర్టుకెళ్తే, లాయర్లను కలవనివ్వాలని జడ్జి తాన్యా చట్కన్ డిసెంబరులో ఆదేశించారు. అతని ఇష్టం లేకుండా వేరే దేశానికి అప్పగించకుండా అప్పీలు కోర్టు 2018 మేలో అడ్డుకుంది. ఐసిస్ మీద యుద్ధానికి 2001 తీర్మానం వర్తిస్తుందా అన్న అసలు ప్రశ్న తేలేలోపే, అక్టోబరులో బహ్రెయిన్‌లో వదిలేశారు.

కాబట్టి మీ ప్రశ్నకు నా జవాబు ఇది. పుస్తకంలో హక్కులు ఉన్నాయి: కారణం తెలుసుకునే హక్కు, ఖండించే హక్కు, లాయరు, హేబియస్. ఆ హక్కులను వాడి ఒక పౌరుడు విచారణలో గెలిచి బయటపడ్డ ఉదాహరణ మాత్రం ఈ నాలుగు కేసుల్లో లేదు. కోర్టు ముందు ఆధారాలు విప్పాల్సిన రోజు దగ్గరపడితే ప్రభుత్వం దారి మార్చుకుంటుంది. హక్కు పనిచేసేది బెదిరింపుగా, తీర్పుగా కాదు. అది తక్కువేమీ కాదు లెండి, మనుషులు బయటికొచ్చారు. కానీ చట్టం తేలలేదు. 2011 డిసెంబరు 31న సంతకమైన రక్షణ బడ్జెట్ చట్టంలో నిర్బంధాధికారాన్ని రాతపూర్వకంగా పెట్టిన కాంగ్రెస్ కూడా, పౌరుల విషయంలో ఇప్పుడున్న చట్టాన్ని ఇది మార్చదు అని రాసి చేతులు దులుపుకుంది. ‘ఇప్పుడున్న చట్టం’ ఏమిటో ఎవరికీ తెలియకపోవడమే అసలు సమస్య.

మన దగ్గర ఇంతకన్నా మేలా అని ఎలాగూ అడుగుతారు. మన రాజ్యాంగం 22వ అధికరణం శత్రుదేశపు విదేశీయుణ్ణి, ముందస్తు నిర్బంధంలో ఉన్న మన పౌరుణ్ణి ఒకే వాక్యంలో పక్కపక్కన పెట్టి, ఇద్దరికీ 24 గంటల్లో మేజిస్ట్రేట్ ముందు హాజరుపరిచే హక్కు, లాయరు హక్కు లేవని చెప్పింది. ఆ తర్వాతి ఉపవాక్యాల్లో కారణాలు తెలపాలని, మూడు నెలలు దాటితే సలహా మండలి ముందు పెట్టాలని అంది. తెలుగు రాష్ట్రాల్లో అందరికీ తెలిసిన 1986 నాటి పీడీ యాక్ట్ నడిచేది ఈ చట్రంలోనే. సలహా మండలి ముందు లాయరును పెట్టుకునే హక్కు లేదని 1981లో ఏకే రాయ్ కేసులో మన సుప్రీంకోర్టు చెప్పింది. ఆ ఒక్క విషయంలో తాలిబన్‌తో పట్టుబడ్డ హమ్దీ నయం. తెలంగాణలో పీడీ యాక్ట్‌ను ఇష్టానుసారం వాడుతున్నారని 2023లో సుప్రీంకోర్టు గట్టిగానే మందలించింది. ఇక యుద్ధకాలం అంటే 1962 చూడండి. చైనా సంతతివాళ్ళను దాదాపు మూడు వేల మందిని అస్సాం, డార్జిలింగ్ ప్రాంతాల నుంచి రైళ్ళలో రాజస్థాన్‌లోని దేవలీ శిబిరానికి తరలించారు. వాళ్ళలో భారత పౌరులూ ఉన్నారు. వాళ్ళ తరఫున హమ్దీ లాంటి తీర్పేదీ రాలేదు. ఎమర్జెన్సీలో 1976 ఏప్రిల్ 28న జబల్‌పూర్ కేసులో హేబియస్ తలుపే మూసేశారు, జస్టిస్ ఖన్నా ఒక్కరే కాదన్నారు. 44వ సవరణ, 2017 నాటి పుట్టస్వామి తీర్పు దాన్ని సరిదిద్దాయి. (హమ్దీ, పడియా కేసుల వాదనలు విన్నదీ ఏప్రిల్ 28నే, 2004లో. అమెరికా చిత్రహింసలు పెట్టదని ప్రభుత్వ లాయరు కోర్టులో చెప్పిన ఆ సాయంత్రమే, ఇరాక్‌లోని అబూ గ్రైబ్ జైల్లో అమెరికా సైనికులు ఖైదీలను హింసించిన ఫొటోలు టీవీలో వచ్చాయి.)

చివరగా పుట్టుకతో వచ్చిన పౌరసత్వం గురించి. హమ్దీ తల్లిదండ్రులు తాత్కాలికంగా ఉన్నవాళ్ళే కాబట్టి అతను పౌరుడే కాడని కొందరు కోర్టుకు విడిగా వాదన సమర్పించారు. స్కాలియా కూడా ‘పౌరుడని అనుకుంటున్న’ అన్న ధోరణిలోనే రాశాడు. ఓకానర్ ప్రధాన అభిప్రాయం ఆ ప్రశ్న ముట్టుకోలేదు, పౌరుడిగానే చూసింది. పుట్టుకతో వచ్చే పౌరసత్వం మీద ట్రంప్ ఇచ్చిన 2025 జనవరి ఉత్తర్వు దగ్గర మొదలైన వివాదం గురించి ఇక్కడ రాస్తే ఇంకో ఇంత అవుతుంది, అది వేరే ప్రశ్నగా అడగండి.

పనికొచ్చే ఒక్క విషయం: లోపలున్న మనిషి సంతకం పెట్టలేనప్పుడు అతని తరఫున పిటిషన్ ఎవరు వేయొచ్చన్నది చిన్న సంగతి కాదు. హమ్దీ కోసం ముందుగా పబ్లిక్ డిఫెండర్ ఫ్రాంక్ డనమ్ ఒకటి, సంబంధం లేని ఒక పౌరుడు ఇంకొకటి వేస్తే, మీకూ అతనికీ పరిచయమే లేదంటూ నాలుగో సర్క్యూట్ రెండూ కొట్టేసింది. నిలబడింది తండ్రి పేరు మీద వేసిందే. ఆయన అప్పుడు ఉన్నది సౌదీలో, అమెరికా పౌరుడూ కాదు. అయినా కన్నతండ్రిగా ఆయన పిటిషన్ చెల్లింది, దాన్ని నడిపించింది ఆ డనమే. విదేశంలో ఉంచిన పౌరుడి విషయంలో, 2008 నాటి మునాఫ్ తీర్పు ప్రకారం అమెరికా సైన్యం చేతిలో ఉంటే చాలు, అమెరికా కోర్టుకు వెళ్ళొచ్చు. కానీ ఆ దేశంలో చేసిన నేరానికి ఆ దేశానికే అప్పగిస్తుంటే మాత్రం కోర్టు సాధారణంగా అడ్డుకోదు.